ఇస్మే కట్టిన దారిదొంగ వేషం

లావెంటిల్ కొండ మీద ఊళ్ళోవాళ్ళ బట్టలు ఉతికి, ఇస్త్రీ చేసి బతికే ఇస్మేకి గొంతు పెద్దది. ఆమె పైనుంచి ఒక్క కేక వేస్తే కింద దీవి రాజధాని పోర్ట్ ఆఫ్ స్పెయిన్ రేవులో ఓడలు లంగరెత్తేస్తాయని ఇరుగుపొరుగు వేళాకోళమాడేవారు. ఆ మాట ఆమెకి లోలోపల ఇష్టమే. గొంతు మాత్రం తల్లి సొమ్మని, తాను వాడుకుంటున్నానంతే అని అనేది.

తల్లి పేరు ఎల్మీనా. కొండంతా ఆమెను మదర్ ఎల్మీనా అనేవారు. కమ్మల పాకలో ప్రార్థన నడిపేది. తలకి తెల్లగుడ్డ చుట్టి, కొవ్వొత్తులు వెలిగించి, ఇత్తడి గంట మోగిస్తూ, ఆత్మ మీదికొచ్చినప్పుడు గొంతెత్తి అరుస్తూ ఏసుని పిలిచే మనుషులు వాళ్ళు. ఊళ్ళో వాళ్ళకి అరుపులోళ్ళని పేరు. ఆ అరుపు తెల్లదొరల సర్కారు చెవికి గిట్టలేదు. అలా ప్రార్థించడమే నేరమని చట్టం చేసి పెట్టింది.

ఇస్మేకి తొమ్మిదేళ్ళప్పుడు ఒక ఆదివారం సాయంత్రం సార్జంటు లాష్లీ పోలీసుల్ని వెంటేసుకుని పాకలోకి వచ్చాడు. ఆయనా వాళ్ళలాగే నల్లవాడే, పక్క దీవి నుంచి ఉద్యోగానికి వచ్చినవాడు. కొవ్వొత్తులు ఆర్పించాడు. గంట లాక్కున్నాడు. మదర్ ఎల్మీనాని ఆ తెల్లబట్టల్లోనే కొండ దింపి తీసుకుపోయాడు. మర్నాడు కోర్టులో మేజిస్ట్రేటు ఆమెను ఎగాదిగా చూసి, ఆత్మ పూనితే ఎలా అరుస్తావో ఓసారి అరిచి చూపించమన్నాడు. గుమాస్తాలు నవ్వారు. చూడవచ్చిన జనం నవ్వారు. ఎల్మీనా తలవంచుకు నిలబడిందే గాని పెదవి కదపలేదు. జుర్మానా కట్టి ఇంటికొచ్చింది.

పట్టుకుపోవడం కన్నా, కోర్టులో నవ్వడం కన్నా, తల్లి నోరు మెదపకపోవడమే ఇస్మే గుండెలో ముల్లై కూర్చుంది. ఆ తర్వాత ఏళ్ళ తరబడి పాకలో ప్రార్థన పెదవులు మూసుకునే జరిగింది. తేనెపట్టు రొద లాంటి ఆ హోరులో, పక్కన కూర్చున్న పిల్లకి మాత్రమే వినిపించేంత మెల్లగా తల్లి ప్రసంగం చేసేది. ఎక్కడ ఊపిరి పీలుస్తుందో, ఏ మాట దగ్గర తొక్కి పట్టి ఏ మాట దగ్గర వదిలేస్తుందో ఇస్మేకి అక్కడే పట్టుబడింది.

చివరికి ఆ చట్టం పోయింది. ఎల్మీనా మళ్ళీ గొంతెత్తింది. కొండ మీద అందరూ సంతోషించారు, ఇస్మేతో సహా. అయితే ఆమె మనసులో ఒక లెక్క తేలనేలేదు. అరుపు తిరిగొచ్చింది సరే, ఆ రోజు చెప్పకుండా మింగేసిన జవాబు మాటేమిటి?

కార్నివాల్ అంటే తల్లికి పడదు. బూడిద బుధవారానికి ముందొచ్చే ఆ సోమ, మంగళవారాలు ఊరంతా వేషాలు కట్టి వీధుల్లో ఉంటే ఆమె పాకలో ఉపవాసం కూర్చునేది. సైతాను తిరునాళ్ళంటూ ఇంటి కిటికీలు కూడా మూయించేది. ఇస్మే పెరట్లో మాత్రం ఏటా ఆ రోజులకి ముందు ఒక నల్ల అంగవస్త్రం ఆరుతూ ఉండేది. అది పక్కింటి ఎగ్బర్ట్‌ది. ఎగ్బర్ట్ చెప్పులు కుట్టేవాడు. కార్నివాల్‌కి దారిదొంగ వేషం కట్టేవాడు. గంప వెడల్పు టోపీ, దాని అంచు చుట్టూ వేలాడే కుచ్చులు, నడినెత్తిన కొయ్యపుర్రె, చేతిలో చెక్క పిస్తోలు, మెడలో ఈల. ఈల ఊది దారిన పోయేవాణ్ణి ఆపుతాడు. తాను ఎంత భయంకరుడో, ఎన్ని రాజ్యాలు కూల్చాడో గుక్కతిప్పుకోకుండా చెబుతాడు. ఎదుటివాడు చిల్లర ఇచ్చి ప్రాణం దక్కించుకుంటాడు. దోచేది మాటతోనే. మాట తడబడితే దొంగ ఓడిపోయినట్టు.

ఒక ఏడు పండగ ముందర ఎగ్బర్ట్ మెట్ల మీద జారి తుంటి విరగ్గొట్టుకున్నాడు. ఇస్మే ఇస్త్రీ చేసిన అంగవస్త్రం ఇవ్వడానికి వెళ్ళి చూస్తే మంచంలో పడుకుని, ఆ ఏడాది చెప్పాల్సిన మాటల్ని పైకప్పుకేసి చెప్పుకుంటున్నాడు. మధ్యలో ఒకచోట ఆగిపోయాడు. ఇస్మే గుమ్మంలో నిలబడే ఆ మాట అందుకుంది. అందుకున్నది వదలకుండా, అప్పటికప్పుడు నోటికొచ్చింది కలుపుకుంటూ చివరిదాకా పోయింది. ముసలాయన లేచి కూర్చోబోయి నొప్పికి మూలిగాడు.

"టోపీ ఆ మేకుకుంది, దించు" అన్నాడు.

"ఆడది దారిదొంగ వేషం కట్టడం ఎక్కడైనా ఉందా, బాబాయ్?"

"మీ పిన్ని ముప్పయ్యేళ్ళు నన్ను నిలబెట్టి మాట్లాడింది. ఒక్కనాడన్నా కదిలానా నేను?" అని ఎగ్బర్ట్ పకపకా నవ్వి, మళ్ళీ మూలిగి, అసలు సంగతి చెప్పాడు. "చూడు, పిల్లా. నువ్వు ఈల ఊదాక ఎదుటోడు గవర్నరైనా సరే, నీ మాట అయ్యేదాకా నిలబడాల్సిందే. ఈ రెండ్రోజులూ రోడ్డు మనది. బుధవారం తెల్లారితే మళ్ళీ వాళ్ళది. అందుకని గొణక్కు."

ఆ పూట నుంచి ఇస్మే ఇస్త్రీ చేస్తూనే సాధన చేసింది. చొక్కా వీపు మీద పెట్టె జారుతుంటే ఒక పొడుగు మాట, కాలరు దగ్గర తిప్పేటప్పుడు ఒక విరుపు, చల్లారిన పెట్టెను బొగ్గుల కుంపటి మీద పెట్టి వేడిది తీసుకునేటప్పుడు ఊపిరి. తల్లి ప్రసంగంలో ఊపిరి పీల్చే చోటే తనకూ ఊపిరి అవసరమవుతోందని కొన్నాళ్ళకి గమనించింది. అది తల్లికి చెప్పలేదు. చెప్పకపోయినా ఎల్మీనాకి తెలిసింది. చెక్క గోడ ఇల్లు, పెద్ద గొంతు, తెలియకేం! మంగళవారం పొద్దున ఇస్మే నల్ల అంగవస్త్రం కప్పుకుని గది నుంచి బయటికి వచ్చేసరికి తల్లి ఇంకా పాకకి వెళ్ళకుండా, తన కుర్చీని గోడవైపు తిప్పుకు కూర్చుని ఉంది. ఇస్మే ఆమె వీపుకి దణ్ణం పెట్టి కొండ దిగింది.

మొదటి మనిషిని ఆపేటప్పుడు ఈల సరిగ్గా పలకలేదు. రెండో మనిషి దగ్గర పలికింది. మధ్యాహ్నానికి ఆమె వెనక చిన్న గుంపు తయారైంది. ఆడ దొంగట, పిడుగులా మాట్లాడుతోందట అన్న కబురు వీధి వీధికీ పాకింది. అలా తిరుగుతూ ఒక మూల మలుపులో, రమ్ము కొట్టు ముందు బల్ల మీద నలుగురు పింఛనుదార్లతో కబుర్లాడుతున్న మనిషిని చూసి ఆమె కాళ్ళు నిలిచిపోయాయి. మీసం తెల్లబడింది, ఒళ్ళు తగ్గింది గాని సందేహం లేదు. లాష్లీ.

వెతుక్కుంటూ వచ్చింది కాదు. ఇన్నేళ్ళలో ఆయన్ని రెండు మూడుసార్లు బజారులో చూసి తప్పుకుపోయింది కూడా. ఈసారి ఈల నోట్లో ఉంది. ఊదింది.

లాష్లీ నవ్వుతూ లేచాడు. ఆటకి సిద్ధమన్నట్టు చేతులు పైకెత్తాడు. స్నేహితులు జేబుల్లో చిల్లర తడుముకున్నారు.

"ఆగు! గాలీ, నువ్వూ ఆగు!" అంది ఇస్మే. "నేను పుట్టిన పూట సముద్రం జడిసి మూడు మైళ్ళు వెనక్కి జరిగింది. నా తొలి ఏడుపుకి పిడుగు చెవులు మూసుకుంది. ఉయ్యాల్లో ఉండగానే తుపాన్ని జడేసి ముడేశాను. అలాంటి నేను తొమ్మిదేళ్ళ వయసులో, ఓ కమ్మల పాకలో, ఒక సంగతి చూశాను. ఇత్తడి గుండీల చొక్కా తొడుక్కుని ఓ మనిషి దేవుణ్ణి అరెస్టు చెయ్యడానికొచ్చాడు. కొవ్వొత్తి వెలుగుతోందని కేసు రాశాడు. గంట మోగుతోందని దాన్ని నేలకేసి కొట్టి, చెవి పట్టుకుని ఈడ్చుకుపోయాడు. దేవుడు దొరకలేదు. దొరక్క, నా తల్లి గొంతుని పట్టుకుపోయి కోర్టు బోనులో నిలబెట్టాడు. నవ్వారు. అందరూ నవ్వారు. ఆ నవ్వుల్ని మూటగట్టి ఇన్నేళ్ళూ నెత్తిన మోశాను. ఇదిగో, ఈ టోపీ కింద ఉన్నాయి. ఇవాళ దించడానికొచ్చాను!"

బల్ల దగ్గర నవ్వులు ఎప్పుడాగాయో ఎవరూ చూడలేదు. లాష్లీ చేతులు కిందికి దిగాయి. స్నేహితుడొకడు ఆయన మోచెయ్యి పట్టుకుని కొట్టులోకి పోదాం పదమన్నట్టు లాగాడు. లాష్లీ కదల్లేదు. ముప్పయ్యేళ్ళు ఇతరుల్ని నిలబెట్టిన మనిషికి నిలబడడం ఎలాగో తెలుసు.

ఒకడు పళ్ళెంలో చిల్లర పోసి ముందుకు జరిపాడు. ఇస్మే పిస్తోలు కొనతో దాన్ని పక్కకి నెట్టింది.

"నాకు డబ్బొద్దు. గంట కావాలి. ఆ గంట ఎలా మోగిందో నీ నోటితో మోగించు, సార్జంటూ, నీ ప్రాణం నీకిచ్చేస్తాను."

వీధంతా ఆయన నోటికేసి చూసింది. లాష్లీ టోపీ తీసి చంకలో పెట్టుకున్నాడు. గొంతు సవరించుకున్నాడు. "ఠంగ్" అన్నాడు, తనకే వినపడనంత మెల్లగా.

"వినపడలా."

"ఠంగ్" అన్నాడు లాష్లీ. కళ్ళు మూసుకుని మళ్ళీ అన్నాడు, ఈసారి గట్టిగా. గుంపులో ఒకావిడ అందుకుంది. ఆపైన ఇంకొకరు. వెనకనించి వస్తున్న మేళంలో ఇనప చక్రం మీద దరువు వేసేవాడు సంగతేమిటో తెలియకుండానే ఆ లెక్కలో కొట్టాడు. వీధి ఆ చివర్నించి ఈ చివరిదాకా మోగింది. ఇస్మే అంగవస్త్రం అంచు విసురుగా తిప్పి, లాష్లీకి దారి వదిలింది. అందరూ అనుకున్నట్టు ఆమెకి విజయగర్వం కలగలేదు. ఎన్నాళ్ళనుంచో బిగించిన పిడికిలి విప్పితే వేళ్ళు తిమ్మిరెక్కినట్టు ఉందని తర్వాత ఎగ్బర్ట్‌తో చెప్పింది.

ఆ కబురు ఆమెకన్నా ముందు కొండెక్కింది. బుధవారం పొద్దున ఇస్మే రొట్టె కాల్చి, ఉప్పుచేప కూర పక్కన పెట్టుకుని తినబోతుంటే తల్లి ఎదురుగా వచ్చి కూర్చుంది.

"గంటని నేలకేసి కొట్టాడన్నావంట" అంది ఎల్మీనా.

ఇస్మే తలూపింది.

"కొట్టలేదు. చంకలో పెట్టుకుని తీసుకెళ్ళాడు. పసిబిడ్డని ఎత్తుకెళ్ళినట్టు జాగ్రత్తగానే తీసుకెళ్ళాడు. నేను చూశాను."

"దొంగ వేషం కదమ్మా. కాస్త పెంచి చెప్పాలి."

"నీ గురించి పెంచుకో. సముద్రాన్ని ఆరు మైళ్ళు జరుపుకో, నాకేం? అవతలోడి గురించి మాత్రం ఉన్నదే చెప్పు. లేనిది కలిపితే ఉన్నది పల్చబడిపోద్ది." కూతురి పళ్ళెంలోంచి ఓ రొట్టెముక్క తుంచుకుంది. "చెబుతున్నప్పుడు, తర్వాతేం చెప్పబోతున్నావో నీకు తెలుసా?"

"సగందాకా తెలుసు. పాక మాటొచ్చాక తెలీదు. అదే వచ్చేసింది."

ఎల్మీనా చాలాసేపు నమిలింది. "నాకూ అలాగే వస్తాది" అంది చివరికి. "అలా వచ్చేదాన్ని సైతాను పంపడు. వాడికంత ఓపిక లేదు." కార్నివాల్ గురించి ఆమె జన్మలో అన్న ఒకే ఒక్క మంచిమాట అది. మరుసటి ఏడు కూడా కుర్చీ గోడవైపే తిప్పుకుంది. అయితే కిటికీ ఒకటి మూయించడం మర్చిపోయింది.

ఈస్టరు దాటాక ఒక ఆదివారం లాష్లీ కొండెక్కి వచ్చి పాక బయట నిలబడ్డాడు. ఎండ ఎక్కువగా ఉంది. గంట ఏమైందో తనకి తెలియదని, కోర్టు సామాన్ల కొట్లోనూ, ఇంకా చాలాచోట్లా అడిగి చూశానని గుమ్మం దగ్గరున్నవాళ్ళతో చెప్పాడు. ఎల్మీనా ప్రసంగం ఆపకుండానే చేత్తో సైగ చేసి కుర్చీ బయటికి పంపించింది. ఆయన కూర్చున్నాడు. ఆపైన వచ్చిన ఆదివారాల్లో కొన్నిటికి వచ్చాడు, కొన్నిటికి రాలేదు. లోపలికి మాత్రం ఎన్నడూ రాలేదు.

ఇస్మే ఆ తర్వాత ఏటేటా వేషం కట్టింది. దీవికి స్వాతంత్ర్యం వచ్చిన ఏడు కట్టింది, తల్లిని పూడ్చిన ఏడూ కట్టింది. ఆ ఏడు సముద్రాన్ని ఆరు మైళ్ళు జరిపింది. తర్వాత్తర్వాత దారిదొంగలకి పోటీలు పెట్టారు, మైదానంలో మైకులూ బహుమతులూ. బతిమాలితే ఒకసారి వెళ్ళింది. మాట మంచి ఊపులో ఉండగా టైమైపోయిందని బజరు కొట్టారు. వేదిక దిగిపోయి మళ్ళీ ఆ మెట్లెక్కలేదు. ఎదురుగా నిలబడి వినాల్సినవాడు లేకుండా దొంగతనమేమిటి, అది ఒంటరిగా అద్దం ముందు అరుచుకోవడం లాంటిదని కొట్టిపారేసింది. పాత వీధుల్లోనే తిరిగింది. ఆమెను చూసి కొండ మీది ఆడపిల్లలు ఇద్దరు ముగ్గురు టోపీలు కుట్టించుకున్నారు. వాళ్ళకి ఆమె నేర్పింది ఊపిరి పీల్చే చోట్లే. మాటలు ఎవరివి వాళ్ళు తెచ్చుకోవాలంది.

మోకాళ్ళు అరిగి కొండ దిగలేకపోయాక ఇంటి అరుగు మీదే వేషం కట్టుకుని కూర్చుంది. జనం తామే పైకొచ్చి ఆమె ముందు ఆగేవారు. కొత్తగా పెళ్ళైన జంటలు వచ్చేవి, పైదేశాల నుంచి సెలవులకొచ్చినవాళ్ళు వచ్చేవారు. ఒక ఏడు, ఓట్లప్పుడు కొండకి కుళాయి వేయిస్తానని మాటిచ్చిన కౌన్సిలరు చిరునవ్వుతో, ఇస్త్రీ చొక్కాతో వచ్చాడు. ఇస్మే ఈల ఊదింది. తాను ఒక్క గుక్కలో ఒరినోకో నదిని తాగేసిన సంగతి చెప్పింది. కొండ మీద ఏ కుళాయిలోంచీ చుక్క నీళ్ళు రాలేదు గనుక తాగక తప్పలేదంది. గుంపు గొల్లుమంది. కౌన్సిలరు జేబులోంచి నోటు తీశాడు. ఆమె పుచ్చుకోలేదు. కుళాయి ఆ ఏడు రాలేదు. మరుసటి కార్నివాల్‌కి ఆయన రాకుండా తప్పించుకోబోతే కొండ మీది ఆడవాళ్ళు వెళ్ళి చెయ్యిపట్టి తీసుకొచ్చారు.

"కూర్చోబెట్టకండి" అంది ఇస్మే, టోపీ సర్దుకుంటూ. "నిలబడే వినాలి."