తెర వెనక పెట్టిన కరణి

“ఏటే, ఆ మద్దెలని తలకిందులుగా పెట్టినావేటి?” అన్నాడు మంచం మీద నుంచి.

“తిన్నగానే పెట్టినాను. పడుకున్నోడివి నువ్వు, నీకే అలగ కనబడతంది,” అన్నాను.

మా ఇద్దరి మధ్య జరిగిన ఆఖరి మాటలు ఇవే. నేను టీ కాచి తెచ్చేసరికి మా ఆయన సింహాచలం లేడు. పొద్దున పది ఇంకా కాలేదు. ఇది తొమ్మిదేళ్ళ కిందటి ఎండాకాలం సంగతి. ఉక్కు కార్ఖానా ఊరు భిలాయిలో, సుపేలా బజారు వెనక సందులో, వాద్యాలు కట్టే మా కొట్లో అప్పటికి నేను ఇరవై ఆరేళ్ళుగా పనిలో ఉన్నాను. ఇప్పుడు మానేశాను. ఈ పని ఎలా ఉంటుందని అడిగేవాళ్ళ కోసం ఆ ఏడాది జరిగినదొకటి చెబుతున్నాను. నాకు సంతకం పెట్టడం, అంకెలు పోల్చుకోవడం వరకే వచ్చు. రాస్తున్నది మా తమ్ముడి కోడలు గౌరి. సాలూరు పిల్ల, తెలుగు బడిలో చదివింది.

నా పని కరణి పెట్టడం. మృదంగానికి కుడివైపు తోలు మూత మధ్యలో నల్లగా, గుండ్రంగా కనిపించేదే కరణి. వాద్యానికి శ్రుతి నిలిచేది దానివల్లే. కిట్టం అనే నల్లరాయిని పొడి కొట్టి, గుడ్డలో జల్లించి, మెత్తగా ఉడికిన అన్నంతో కలిపి ముద్ద చేస్తాం. ఇంత ఇనుము కరిగే ఊళ్ళో ఉండి కూడా ఆ రాయి చీపురుపల్లి వైపు నుంచే తెప్పించుకోవాలి. కమ్మరి కొలిమి దగ్గర దొరికే చిట్టెం వేసి చూశాం, పెచ్చులూడిపోయింది. ముద్దని చింతగింజంత తీసి చర్మం మీద పరిచి, నున్నటి రాయితో తడి ఇంకేదాకా రుద్దాలి. ఆరాక దానిమీద ఇంకో పూత, వెడల్పు కాస్త తగ్గించి. అలా ఎన్ని పూతలో ముందే చెప్పలేం, మూత మాట వినేదాకా వేయాలి. రుద్దగా రుద్దగా కంటికి ఆనని బీటలు పడతాయి. చూడ్డానికి చెడిపోయినట్టు ఉంటుంది గానీ ఆ బీటలే కావాలి. అవి లేకపోతే చర్మం కదలదు, మోత రాదు.

పనసకర్ర తొలిపించి తేవడం, తోలు తెచ్చి మూత కట్టడం, తోలు వార్లు లాగి బిగించడం మా ఆయన పని. కొట్లో ముందు కూర్చుని మాట్లాడేది ఆయనే. ఆడదాని చెయ్యి పడిందని తెలిస్తే భజన జట్లవాళ్ళు వాద్యం ముట్టుకోరని మా మామగారి నాటి నుంచీ మా ఇంట్లో నమ్మకం. అందుకని కొట్టు మధ్యలో తెర ఉండేది. తెర వెనక నేను రుద్దుతుంటే, ముందు కూర్చుని ఆయన నోరు మూసుకుని గొంతులో శ్రుతి పట్టేవాడు. పాట కాదు, ఒకటే స్వరం. దానికి మూత కలిసేదాకా నేను పూతలు వేసేదాన్ని. ఊళ్ళో దానికి సింహాచలం కరణి అని పేరు. మేమూ కాదనలేదు.

ఆయన పోయేనాటికి ఒక మృదంగం సగం కరణితో ఉండిపోయింది. అది అప్పలనాయుడు గారిది. ఆయన స్టీలు ప్లాంటులో క్రేన్ ఆపరేటరుగా పనిచేసి రిటైరయ్యారు, ప్లాంటు క్వార్టర్లుండే సెక్టార్లో రామభజన జట్టు నడిపేవారు. నెల తిరిగాక నేను తెర వెనక కూర్చుని మిగిలిన పూతలు వేశాను. శ్రుతి పట్టేవాళ్ళు లేరు. చెవిలో మిగిలినదాన్ని బట్టి వేశాను. పూర్తి చేసి బల్ల మీద పెట్టి, జాముల్ నుంచి వచ్చిన తబలా ఒకటి చేతిలోకి తీసుకున్నాను.

మూడో రోజు మధ్యాహ్నం ఆ మృదంగం పలికింది. కొట్లో నేను తప్ప ఎవరూ లేరు. దెబ్బ వినబడలేదు. దెబ్బ కొట్టిన తరవాత మిగిలే మోత ఒక్కటే వినబడింది, సన్నగా మొదలై, నిండుగా అయి, ఆగిపోయింది. తెర తీసి చూస్తే మృదంగం పెట్టింది పెట్టినట్టే ఉంది. మూత మీద వేలు పెట్టాను. చర్మం ఇంకా వణుకుతోంది.

నాకు భయం వేసింది. అయినా ఇరవై ఆరేళ్ళు ఈ పనిలో ఉన్నదాన్ని. ఒక వాద్యం శ్రుతిలో ఇంకోటి పలికితే ముట్టుకోకుండానే ఇదీ పలుకుతుందని ఎరుగుదును. రెండు తంబురాలు పక్కపక్కన పెట్టి ఒకటి మీటితే రెండోది పలకడం చూశాను. కాబట్టి ఏం పలికిందో వెతికాను. పక్క కొట్టు రమేశుది, గేట్లు, గ్రిల్లులు చేసే వెల్డింగు కొట్టు. మనవాడే గానీ ఇక్కడే పుట్టాడు, సగం మాటలు హిందీలోనే వస్తాయి. వాడి గ్రైండరు ఆన్ చేయించి చూశాను. మిషను వేగం అందుకునేటప్పుడు దాని కూత కింది నుంచి పైకి పాకుతుంది కదా, మధ్యలో ఒకచోట మృదంగం పలికింది. ఆపినప్పుడు కూత దిగుతూ అదే చోటికి వచ్చాక మళ్ళీ అంది.

“దీదీ, బంద్ చేసీసినాను. అబ్ తో డర్ నహీ?” అన్నాడు రమేశు నవ్వుతూ.

“భయమేటిరా, పని సరిగ్గా కుదిరిందో లేదో చూసుకున్నాను,” అన్నాను. భయం మాత్రం అప్పటికి పోయింది.

ఆ వారంలోనే అప్పలనాయుడు గారు మృదంగం చూసుకోవడానికి వచ్చారు. ఆ మధ్యాహ్నం సుపేలా అంతటా కరెంటు లేదు. గ్రైండరు లేదు, ఫ్యాను లేదు. ఆయన తెర ముందు కూర్చున్నారు. నేను వెనక తబలాకి పూత రుద్దుతూ, చూడండి అన్నయ్యా, వస్తున్నాను అన్నాను. కాసేపటికి ముందువైపు స్టూలు పడిన చప్పుడైంది. వచ్చి చూస్తే ఆయన గుమ్మంలో నిలబడి ఉన్నారు. 

“నేను సెయ్యెయ్యనేదు సెల్లమ్మా. దానంతట అది అంది,” అన్నారు. “అదే కాదు. సింహాచలం గొంతు విన్నాను. శ్రుతి పట్టినాడు. ఇక్కడే.”

మృదంగం తీసుకోకుండా వెళ్ళిపోయారు. రెండు రోజుల్లో సంగతి సెక్టార్లన్నీ తిరిగింది. తబలా ఇచ్చినాయన పని సగంలో ఉండగానే పట్టుకుపోయాడు. వచ్చే ఆదివారం ఆ మృదంగాన్ని శివనాథ్ నదిలో కలిపేస్తే సింహాచలానికి శాంతి ఉంటుందని, నన్ను కొట్టు మూసుకుని మా తమ్ముడి ఊరు వెళ్ళిపొమ్మని అప్పలనాయుడు గారు కబురు పంపారు. కోపంతో కాదు, నా మేలుకోరే. కానీ కొట్టు మూస్తే నాకు వచ్చిన పని ఇంకొకటి లేదు. కరణి నాదని ఎవరికీ తెలియదు గనక, ఇంకొకరి దగ్గర చేరి చేసుకునే దారి కూడా లేదు.

రమేశుతో ఇది చెప్పుకుంటే వాడు గ్రైండరు కింద పెట్టి నన్ను వింతగా చూశాడు.

“దీదీ, ఆప్ హీ తో గాతే హో! నువ్వే కదా పాడేది, పని చేసినంతసేపూ. గోడవతలికి వినబడతది.”

“నేనా? నాకు పాటే రాదురా.”

“పాట కాదు. ఏక్ హీ సుర్. మొదటి రోజు నేనే అనుకున్నా, భయ్యా వచ్చీసినాడా ఏటని.”

నా గొంతు బొంగురు. ఏళ్ళ తరబడి కిట్టం దుమ్ము పీల్చి అది ఇంకా మందమైంది, కిందికి దిగింది. వెనక్కి వెళ్ళి, మృదంగం ఎదురుగా పెట్టుకుని, రాయి చేతిలోకి తీసుకుని, నోరు మూసుకుని శ్రుతి పట్టాను. మృదంగం వెంటనే తిరిగి అంది. గ్రైండరుతో విన్నప్పుడు పోయిన భయం అప్పుడు రెండింతలై వచ్చింది. వచ్చిన గొంతు నాలాగా లేదు. ఆయన ఎక్కడ మొదలుపెట్టి ఎక్కడ ఊపిరి తీసేవాడో అక్కడే మొదలై అక్కడే ఆగింది. పని మళ్ళీ మొదలుపెట్టిన నాటి నుంచీ నాకు తెలియకుండా నేను ఆయన పని కూడా చేస్తున్నాను.

ఆదివారం రాకముందే జట్టువాళ్ళని పిలిపించాను. అప్పలనాయుడు గారు ఇంకో ఇద్దరితో వచ్చారు. తెర ఊడదీసి, అందరికీ కనిపించేలా కూర్చున్నాను.

“ఏటి వదినా, తెర తీసీసినావు, నాటకమేటి?” అన్నాడు తాళాలు వేసే సూరిబాబు.

“నాటకం ఇన్నాళ్ళూ ఆడినాం. ఇయాల మానీసినాను,” అన్నాను.

ఒక పాత మూత మీద ముద్ద పరిచి, రుద్దుతూ శ్రుతి పట్టాను. బల్ల మీద మృదంగం పలికింది. ఆపాను, అదీ ఆగింది. మూడుసార్లు అలా చేశాను. అప్పలనాయుడు గారు మృదంగాన్ని చూడడం మానేసి నా చేతులు చూస్తున్నారు.

“అయితే ఇన్నేళ్ళూ మేం వాయించింది...”

“కట్టింది ఆయన. నల్లది నాది అన్నయ్యా.”

“మరి వాడొక్కసారీ సెప్పనేదేటి?”

“సెప్తే ముట్టుకోరని.”

“ముట్టుకున్నాం కదే ఇరవయ్యేళ్ళు,” అన్నారాయన.

సూరిబాబు చెప్పులేసుకుని వెళ్ళిపోయాడు, మళ్ళీ మా కొట్టు గుమ్మం ఎక్కలేదు. అలాంటివాళ్ళు ఇంకా కొందరు. అప్పలనాయుడు గారు మాత్రం మృదంగం ఒళ్ళో పెట్టుకుని అంచు చుట్టూ వాయించి చూసి, ఒకచోట శ్రుతి దిగింది, బిగించమన్నారు. బిగించి ఇచ్చాను. పట్టుకెళ్ళారు. తెర మళ్ళీ కట్టలేదు. ఆ తరవాత ఏడేళ్ళు ముందే కూర్చుని పని చేశాను.

ఒకటి తేలలేదు. మృదంగం ఇచ్చెయ్యడానికి ముందు రోజు, రమేశుని ఎదురుగా కూర్చోబెట్టుకుని, మిషను ఆపించి, నోరు కట్టేసుకున్నట్టు ఉండి చూశాను. నేను శ్రుతి పట్టలేదని వాడు ఒట్టు పెట్టాడు. అయినా మృదంగం ఒక్కసారి అంది. రోడ్డు మీద లారీ ఏదైనా పోయిందేమో. కారణం నేను కనిపెట్టలేకపోయాను.

ఈ పనిలో నాకు తెలిసొచ్చింది ఇంతే. వాద్యం ఊరికే పలకదు, ఏదో ఒకటి పలికిస్తేనే పలుకుతుంది. ఆ ఏదో మనమే కావచ్చు. చేసేవాళ్ళకి తమ చెయ్యి తెలిసినంతగా తమ గొంతు తెలియదు. అందుకే ఆ తరవాత ఏ వాద్యం ఇచ్చినా ఇంకొకరిని పక్కన కూర్చోబెట్టుకుని వినిపించాకే ఇచ్చాను.

చాలు గౌరీ, ఇక్కడ ఆపు. ఇప్పుడు నాకు చదివి వినిపించు. మొదటి నుంచి కాదు, అడుగున ఎవరి పేరు రాశావో ముందు అది చదువు.