ఫ్రెంచి దర్శకుడి ఆఖరి షూటింగ్

సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు జోరుగా దొరుకుతున్న రోజుల్లో నేను సింగపూర్ వెళ్లాను. ఆఫీసు జురాంగ్ ఈస్ట్‌లో. క్లయింట్లకు చూపించడానికి మా కంపెనీ ఒక చిన్న ఫిల్మ్ తీయించాలనుకుంది. తీయడానికి వచ్చినాయన అరవై దాటిన ఫ్రెంచాయన. అక్కడి చైనీసావిడను పెళ్లి చేసుకుని ఆ ఊళ్లోనే హౌగాంగ్‌లో స్థిరపడ్డాడు. ఆయనకు కావలసినవి చూడమని నాకు పురమాయించారు.

ఆయన ఒకప్పుడు సినిమాలు తీశాడని మాటల్లో తెలిసింది. మూడే మూడు. మొదటిదాన్ని పత్రికలవాళ్లు మెచ్చుకున్నారు. రెండోది ఎవరూ చూడలేదు. మూడోదాన్ని నిర్మాత విడుదలే చెయ్యలేదు.

ఒక ఆదివారం ఫ్లాట్‌కి పిలిచి, అరిగిపోయిన క్యాసెట్‌లో రెండోది వేశాడు. ఆయన భార్య పక్కన కూర్చుని మాటలకు అర్థం చెప్పింది. లాండ్రీలో ఒకావిడ దుప్పట్లు ఇస్త్రీ చేస్తుంటుంది. మడత పెట్టడం అయ్యేదాకా కెమెరా కదలదు. సంగీతం ఉండదు. మొదట విసుగొచ్చింది. కాసేపటికి ఆవిడ మోచేతి మీద కాలిన మచ్చ కనబడింది. దాని గురించి సినిమాలో ఎవరూ ఒక్క మాటా అనరు.

"పని మధ్యలో కట్ చేస్తే మనిషిని కోసేసినట్టే," అన్నాడాయన.

మా ఆఫీసులోనూ అలాగే తీశాడు. గుంటూరు నుంచి వచ్చిన ఒకమ్మాయి నా పక్క సీట్లో కూర్చునేది. ప్రోగ్రాంలో తప్పెక్కడుందో వెతుకుతూ, పెదాలు కదుపుకుంటూ, చివరికి పట్టుకుంది. ఎవరికైనా చెబుదామని తలెత్తి చూసింది. చుట్టూ ఎవరూ లేరు. మళ్లీ కీబోర్డు మీదకు వంగింది. అంతా ఒకే షాట్. మా బతుకును అంత శ్రద్ధగా చూసినవాళ్లు నాకు మరొకరు తెలియదు.

మేనేజరుకు అది నచ్చలేదు. ఫ్రెంచాయనకు చెప్పకుండానే వేరేవాళ్ల చేత మళ్లీ తీయించి, అద్దాల బిల్డింగూ, నవ్వే ముఖాలూ పెట్టి, సంగీతం కలిపించాడు. చివర్లో దర్శకుడిగా ఈయన పేరు మాత్రం పెద్దక్షరాల్లో ఉంచాడు. తీసెయ్యమని ఆయన అడిగితే, ఆ ఫ్రెంచి పేరు కోసమే కదా పిలిచాం అన్నాడు.

తను తీసిన అసలు టేపులైనా తెచ్చిపెట్టమని ఫ్రెంచాయన నన్ను అడిగాడు. స్టోర్లో వెతికించాను. వాటి మీద కొత్తగా చేరినవాళ్ల ట్రైనింగ్ క్లాసులు రికార్డు చేసేశారు.

ఫోన్లో చెప్పడానికి మనసొప్పక హౌగాంగ్ వెళ్లాను. ఆయన నిలబడే విన్నాడు.

"ఆ అమ్మాయి కూడా పోయిందా?"

"పోయింది."

భార్యతో ఫ్రెంచిలో ఏదో అన్నాడు. ఈసారి ఆవిడ నాకు అర్థం చెప్పలేదు.

ఆ తర్వాత ఆయన ఇంక ఏ పనీ ఒప్పుకోలేదు. కొన్నాళ్లకు ఆవిడే ఫోన్ చేసి, ఇద్దరూ ఫ్రాన్స్ వెళ్లిపోతున్నామంది. అక్కడికెళితే ఆ మూడో సినిమా విడుదలయ్యే దారేమైనా ఉంటుందా అని అడిగాను. ఆ నిర్మాత ఈయన ఫోనెత్తడం మానేసి చాలా ఏళ్లయిందంది.