అడగడం, వేడుకోవడం

జిరాక్స్ యంత్రంలోంచి అప్పుడే బయటికొచ్చిన కాగితానికి ఒక కాలిన వాసన ఉంటుంది. మొన్న భవానీపురంలో, మా వీధి చివరి షాపులో ఆ వాసన పీలుస్తూ నిలబడి ఉంటే, బల్లమీద అర్జీ నమూనాల కట్ట కనబడింది. పేరుకీ ఊరికీ ఖాళీలు వదిలి మిగతాదంతా అచ్చువేసేశారు. చివరి వాక్యం: ‘తమరు దయతలచి నా మనవి ఆలకించవలసిందిగా వేడుకొంటున్నాను.’ “ఈ వేడుకోవడం ఎవరు పెట్టారండీ ఇందులో?” అని షాపాయన్ని నిలదీశాను. “అందరూ అదే రాస్తారు మేడమ్. నచ్చకపోతే కొట్టేసుకోండి,” అన్నాడాయన. ఎవరితోనైనా సరే మాటకి మాట అప్పజెప్పేదాన్ని, ఆ రోజు నోరు మూసుకుని ఇంటికొచ్చేశాను. ఆ మాట గురించి వాదించే అర్హత నాకు లేదు.

తొమ్మిదో తరగతిలో మాకు సాంఘికశాస్త్రం చెప్పింది రాహేలు టీచరుగారు. పొట్టి మనిషి, గంజిపెట్టిన నేతచీర, క్లాసు చివరి బెంచీ దాకా వినబడే గొంతు. బడిలో మంచినీళ్ళ కుళాయి పాడైతే, బాగుచేయించమని అధికారులకు మా అందరిచేతా అర్జీ రాయించారు. క్లాసులో నా తెలుగే గొప్పదని నాకు పొగరు. ‘తమ పాదపద్మములకు నమస్కరించి వేడుకొనునది’ అని మొదలుపెట్టాను. ఆవిడ ఎర్రసిరాతో ఆ వరసంతా కొట్టేశారు.

“ఏమే, నీకు కుళాయి కావాలా, మోక్షం కావాలా?”

“మర్యాద కోసం రాశానండీ.”

“మర్యాదకి ‘అయ్యా’ చాలు.”

“మరి మీరు చర్చిలో వేడుకోరా టీచర్?” అన్నాను. క్లాసంతా బిగుసుకుపోయింది. ఆవిడ మాత్రం నవ్వారు. “‘అడిగి వేడుకొనుచున్నాము తండ్రీ’ అంటాం. చూడు, రెండు మాటలున్నాయి. దేవుడి దగ్గర రెండూ. ఆఫీసులో మొదటిదొక్కటే.”

మా పుస్తకంలో తెల్లవాళ్ళు ఒక్క పేజీలో వచ్చారు, ఇంకో పేజీలో వెళ్ళిపోయారు. టీచరుగారికి అది చాలలేదు. పుస్తకం మూసి వాళ్ళ నాన్న సంగతి చెప్పారు. ఆయన దివిసీమలో కాలువ కింద పొలాల్లో కూలి. ఇంటిస్థలం కోసం దొరల కాలంలో ఎవరిచేతో అర్జీ రాయించుకుని, చెప్పులు చంకలో పెట్టుకుని, ఎండలో నిలబడేవాడట. దేశం మనదయ్యాక కూడా అదే అర్జీ పట్టుకుని అదే ఎండలో నిలబడ్డాడు. కుర్చీలో మనిషి మారాడు, అంతే. తర్వాత మొదటిసారి ఓట్లు వచ్చాయి. ఉతికిన పంచె కట్టుకుని, పదేళ్ళ కూతుర్ని వేలు పట్టుకుని నడిపించుకుంటూ వెళ్ళాడు. ఓటు వేసి బయటికొచ్చి, గుమ్మంలో కూర్చున్న గుమాస్తాకి వంగి దణ్ణం పెట్టాడు. “ఓటిచ్చారు బాబూ, మీ రుణం తీర్చుకోలేను,” అన్నాడట. ఇది చెప్పి టీచరుగారు బోర్డువైపు తిరిగారు. గంట కొట్టేదాకా మళ్ళీ ఇటు తిరగలేదు.

పెళ్ళయ్యాక నేనూ భవానీపురం చేరాను, ఆవిడ ఇంటికి రెండు వీధుల అవతల. అప్పటికి ఆవిడ ఒంటరి. ఒక ఎన్నికల ముందు ఓటర్ల జాబితాలోంచి ఆవిడ పేరు మాయమైంది. చనిపోయినట్టు ఎవరో రాసేశారు. ఆవిడ ఉత్తరం పెట్టారు: ‘నేను బతికే ఉన్నాను. నా పేరు చేర్చండి.’ అంతే. జవాబు లేదు. మళ్ళీ రాశారు, మళ్ళీ లేదు. గడువు ముంచుకొస్తోంది. “ఇలా రాస్తే ఎవరు పట్టించుకుంటారు టీచర్, నేను రాస్తా ఇవ్వండి,” అన్నాను. ఆవిడ మాటగానే దిక్కులేని ముసలిదాన్నన్నాను, తమ దయే శరణ్యమన్నాను, వేడుకొంటున్నానని ముగించాను. కంటి ఆపరేషన్ అయి వారం కాలేదు ఆవిడకి. “చదవనా?” అని మాటవరసకి అడిగాను. “నువ్వు రాశాక చదవడమెందుకే,” అని నేను వేలు పెట్టినచోట సంతకం చేశారు.

నాలుగో రోజుకే ఆఫీసు మనిషి ఓటరు కార్డు పట్టుకుని ఆవిడ ఇంటికొచ్చాడు. పాపం మంచివాడే. “మీ అర్జీ చదివి మా సారుకి కళ్ళనీళ్ళొచ్చాయమ్మా. జాలిపడి వెంటనే చేయించారు,” అన్నాడు. అతను వెళ్ళాక టీచరుగారు కార్డు ఒళ్ళో పెట్టుకుని నావైపు తిరిగారు.

“ఏం రాశావే?”

“పనైందిగా టీచర్.”

“మా నాన్నకి చదువు రాదు. నీకేమైంది?”

పోలింగ్ రోజు పొద్దున్నే ఆటో తీసుకుని వెళ్ళాను. గంజిచీర కట్టుకుని గుమ్మంలోనే కూర్చుని ఉన్నారు. “నువ్వెళ్ళు. ఇది వాళ్ళు జాలిపడి ఇచ్చింది. నాది ఇంకా రాలేదు,” అన్నారు. ఆటోవాడు హారన్ కొడుతూనే ఉన్నాడు. బతిమాలాను, దెబ్బలాడాను, ఒక్క ఓటుకింత పంతమా అని కూడా అన్నాను. ఆవిడ లేవలేదు. ఇంకో ఎన్నిక రాకముందే పోయారు.

నేను రాసి ఉండకపోతే ఆ పేరు జాబితాలోకి వచ్చేదా? వచ్చేది కాదు. ఇప్పటికీ అదే అంటాను. కానీ నేను చదివి వినిపించి ఉంటే ఆవిడ ఆ సంతకం పెట్టేవారా? అక్కడ నా వాదన ఆగిపోతుంది. జాబితాలో ఆవిడ పేరు ఇంకా ఉంది, ఫొటోతో సహా. తీయించాల్సింది నేనే, ఇంకెవరూ లేరు. ‘మరణించారు, తొలగించండి’ అని రాస్తే చాలు, ఎవరినీ వేడుకోనక్కర్లేదు. కాగితం తెచ్చుకుని మూడేళ్ళయింది. రాయలేదు.