దొరకని పదకొండో భాగం

రెండు వారాల కిందట, మంగళవారం పొద్దున, మా సైన్సు టీచర్ పోయారు. కల్లూరులో మా పక్కిల్లే. నిద్రలోనే పోయారు, బాధపడలేదు అని అందరూ నన్ను ఊరడిస్తున్నారు. నాకు మాత్రం కోపం తగ్గడం లేదు. ఎవరి మీదంటే చెప్పలేను.

కోయిలకుంట్లలో ఆమె దగ్గర చదువుకున్నాను. ఆదివారం టీవీలో హిందీ డిటెక్టివ్ సీరియల్ వచ్చేది. వాళ్లింట్లో ఆడపిల్లలం చాప మీద కూర్చుంటే, ఆమె మాటమాటా తెలుగులో చెప్పేవారు. సగం కథయ్యాక అడిగేవారు: "చంపిందెవురు? ఊరికే పేరు చెప్తే ఒప్పుకోను. ఎట్ల తెలిసిందో చెప్పల్ల."

పదకొండో భాగంలో ఒక జమీందారు హత్య. తమ్ముడి పని అన్నారు ఆమె భర్త. కాదు, కాంపౌండరే అన్నారు ఆమె. డిటెక్టివ్ అందరినీ హాల్లో కూర్చోబెట్టి నోరు తెరిచాడో లేదో, కరెంటు పోయింది. ఆ వాదన సారు పోయేదాకా తెగలేదు. "మా సారు గెల్చినాడో నేను గెల్చినానో తెలీకుండానే పాయ" అనేవారు టీచర్.

రెండేళ్ల కిందట నేను ఆమె పక్కింటికి వచ్చాక, పాత సీరియళ్లు ఇంటర్నెట్ ఆర్కైవుల్లో దొరుకుతాయని నోరు జారాను. అప్పట్నుంచీ వెతుకులాటే. పదో భాగం ఉంది, పన్నెండు ఉంది. పదకొండని రాసిన దాన్ని నొక్కితే ఐదోది వస్తుంది. ఒకచోట బొమ్మ ఉంది, మాట లేదు. ఇంకోచోట వీడియో తీసేశామని నల్ల తెర. సీరియల్ పేరును ఒక్కొక్కరు ఒక్కో స్పెల్లింగుతో రాసి పెట్టారు!

"ఇన్ని పెట్టినోళ్లకు అదొకటి పెట్టేకి ఏమొచ్చిందమ్మా?"

ఒకరోజు విసుగొచ్చి, "అది లేదు టీచర్, ఇంక వదిలేయండి" అన్నాను.

"లేదని ఎట్ల తెలిసింది నీకు? వెతికిన చోట లేదు. నీకు తెలిసింది అంతే కదా?"

ఆఖరికి ఒక ఆర్కైవులో, పన్నెండో భాగం కింద, ఒకాయన రాసింది కనిపించింది: పదకొండో భాగం క్యాసెట్ తన దగ్గరుంది, బూజు పట్టింది, శుభ్రం చేసి పెడతాడు. నాలుగుసార్లు రాశాను. ఉలుకూ పలుకూ లేదు. టీచర్ రోజూ గోడ మీంచి అడిగేవారు, "ఏమ్మా, పలికినాడా?"

పలికాడు. ఆమె పోయిన మూడు రోజులకు, శుక్రవారం, వీడియో పెట్టాడు. మూడే రోజులు!

ఒక్కదాన్నే చూశాను. చంపింది తమ్ముడే. సారే గెలిచారు. కానీ సారు చెప్పిన కారణం పూర్తిగా తప్పు. టీచర్ ఆ గెలుపును ఛస్తే ఒప్పుకునేవారు కాదు. ఒప్పించేదాకా వాదించాలని ఉంది నాకు. ఎవరితో వాదించను?

ఈ పొద్దున, ప్రతి వారం ఆమెను మార్కెట్టుకు తీసుకెళ్లే షేర్ ఆటో వచ్చింది. డ్రైవరు ఈ రెండు వారాలూ ఊర్లో లేడంట, సంగతి తెలీదు. గేటు ముందు ఆపి హారన్ కొట్టాడు. లోపలున్న ఇద్దరాడవాళ్లు జరిగి ఆమెకు చోటిచ్చి కూర్చున్నారు.