నా వంతు ప్రార్థన

మెల్‌బోర్న్‌లో, టార్నీట్ రైలు స్టేషన్ దగ్గర కారు తలుపు తీస్తుండగా ఫోన్ మోగింది. పాత ఊళ్ళో మాకు పెద్దదిక్కైన ఆంటీ కూతురు. సిడ్నీ శివార్లో, ద పాండ్స్‌లో ఉంటుంది. మెసేజ్‌లు పెడుతుందే తప్ప ఫోన్ చెయ్యదు. "అక్కా, మమ్మీ ఈజ్ గాన్" అంది. పొద్దున బట్టలు ఆరేస్తూ దండెం దగ్గరే కూలిపోయారట. పక్కింటావిడ పరిగెత్తుకొచ్చేసరికే అయిపోయింది. "ఫ్యూనరల్ మమ్మీ ఊళ్ళోనే పెడుతున్నాం. ప్రేయర్ మాత్రం నువ్వే చెయ్యాలని మమ్మీ చెప్పింది కదా, రిమెంబర్?"

గుర్తులేకేం. బిడ్డ పోయినప్పటి నుంచి నేను నోరు తెరిచి ప్రార్థన చేసి ఎరగను. మా ఆయనతో పాటు ఆ సంగతి బాగా తెలిసింది ఆంటీకే. అన్నీ తెలిసి ఆ పని నా నెత్తిన పెట్టి వెళ్ళారు. నిజం చెప్పొద్దూ, ఏడుపుకంటే ముందు నాకు కోపం వచ్చింది.

ఆమె ఉన్న ఊరి పేరు చెప్పినా మీలో చాలామందికి తెలియదు. న్యూ సౌత్ వేల్స్ పడమటి కొసన, తారు రోడ్డు అయిపోయి ఎర్రమట్టి మొదలయ్యే చోట ఉంటుంది. ఒక చిన్న ఆసుపత్రి, ఒక వృద్ధుల హోమ్, ఒక మోటెల్, గొర్రెల లారీలు, ఈగలు. పీఆర్, అంటే ఈ దేశంలో స్థిరపడే అనుమతి, రావాలంటే కొన్నాళ్ళు మారుమూల ఉండాలి కాబట్టి మాలాంటివాళ్ళం అలాంటి ఊళ్ళకి చేరతాం. నేను హోమ్‌లో ముసలివాళ్ళని చూసుకునే కేరర్‌ని, మా ఆయన మోటెల్ వంటింట్లో. ఆంటీ ఆసుపత్రిలో నర్సు. భర్త పోయాక చంటిపిల్లని వెంటబెట్టుకుని బాపట్ల నుంచి వచ్చారు. మేమందరం ఎప్పుడు బయటపడతామా అని రోజులు లెక్కపెట్టేవాళ్ళం. ఆమెకి ఆ ధ్యాసే లేదు. ఎందుకుండిపోయారని ఒకసారి అడిగాను.

"మా అమ్మ బైబిల్ ఉమన్, అమ్మాయ్. పొలంగట్ల మీద నడిచి ఊళ్ళూళ్ళూ తిరిగింది. వానొచ్చినా ఎండొచ్చినా అదే పని. నాకు కారిచ్చాడు దేవుడు, ఏసీ కూడా ఇచ్చాడు. ఇంకేం వంక చెప్పమంటావ్?"

డ్యూటీ లేని రోజు ఆ కారు వెనక సీట్లో నీళ్ళ క్యాన్లు, టిఫిన్ క్యారియర్ పెట్టుకుని బయల్దేరేవారు. దూరాన గొర్రెల ఫారాల్లో ఒంటరిగా ఉండే ఆడవాళ్ళ దగ్గరికి. ఇంగ్లీషు దొరసానులు, ఫిలిప్పీన్స్ పిల్లలు, ఆ నేల తమదైన ఆదివాసుల ముసలమ్మలు, ఎవరైనా సరే. నేను కొన్నిసార్లు వెంట వెళ్ళాను. ఆమె బోధించగా వినలేదు. బల్ల దగ్గర కూర్చుని వాళ్ళు చెప్పింది వినేవారు. వచ్చేముందు మాత్రం, ప్రార్థన చెయ్యనా అని అడిగేవారు. వద్దంటే సరే అని చెప్పులేసుకునేవారు. మీ పరిచర్య గొప్పదాంటీ అంటే నవ్వేశారు. "పరిచర్య అంటే పెద్ద మాటే. టీ తాగొస్తున్నా, అంతే."

ఆదివారాలు టెన్నిస్ క్లబ్బు షెడ్డులో ప్రార్థనకి కూడుకునేవాళ్ళం. మూడు నాలుగు తెలుగు కుటుంబాలు, నర్సింగ్ చదివే పిల్లలు కొందరు. వారమంతా అన్నం వండే ప్రతిసారీ పిడికెడు బియ్యం పక్కన తీసిపెట్టాలి, ఆదివారం తెచ్చి ఆమె డబ్బాలో పొయ్యాలి. ఆ బియ్యంతోనే కూటం అయ్యాక భోజనం. మొదటి ఆదివారం మన అలవాటు ప్రకారం అందరం చెప్పులు బయట విడిచి లోపలికి వెళ్ళాం. బయటికొచ్చి చూస్తే ఒక్క జత లేదు. క్లబ్బు చూసుకునే పెద్దాయన, ఎవరో పాత చెప్పులు పారబోసి పోయారనుకుని గోతంలో వేసి పాత సామాన్ల దుకాణంలో ఇచ్చేశాడు. ఆంటీ ఉత్తకాళ్ళతో ఆ ఎండలో నడుచుకుంటూ వెళ్ళి గోతంతో తిరిగొచ్చారు. దుకాణం నడిపే ముసలామెని కూడా భోజనానికి తీసుకొచ్చారు. ఆ ముసలామె చివరిదాకా ఆదివారం కూటం మానలేదు.

ఇక మా బాబు సంగతి. నెలలు నిండాక, కడుపులోనే పోయాడు. ఆ వారమంతా వాన. అక్కడ నాలుగు చినుకులు పడితే మట్టిరోడ్లు మూసేస్తారు. పాస్టరు గారు ఉండేది అరపూట ప్రయాణమంత దూరంలో ఉన్న పట్నంలో. ఆంటీ ఆసుపత్రి వరండాలో నిలబడి ఆయనతో ఫోన్లో మాట్లాడుతుంటే నేను మంచం మీంచి విన్నాను. రోడ్డు తెరిచేదాకా ఆగమంటున్నారాయన. సమాధి కార్యక్రమం ఆడవాళ్ళు నడిపించడం మన సంఘంలో లేదంటున్నారు. ఆంటీ ఎప్పుడూ అయ్యగారి మాటకి ఎదురు చెప్పి ఎరగరు.

"అయ్యగారూ, రోడ్డు ఎప్పుడు తెరుస్తారో మీకూ తెలీదు, నాకూ తెలీదు. ఈ పిల్లకి పాలు పడ్డాయి. రవిక తడిసిపోతోంది. ఇంక నేను ఆగలేను, క్షమించండి."

ఆ మధ్యాహ్నం కొంగు తలమీదికి కప్పుకుని, చిన్న పెట్టెని ఒళ్ళో పెట్టుకుని మా ఆయన నడుపుతున్న కార్లో నా పక్కన కూర్చున్నారు. శ్మశానంలో కాళ్ళు బురదలో దిగబడుతున్నాయి. వాక్యం చదివారు, ప్రార్థన చేశారు. మధ్యలో ఆగి, ముక్కు తుడుచుకుని, మళ్ళీ మొదలుపెట్టారు. "తప్పు చేస్తున్నానేమోనని అనిపించింది అమ్మాయ్" అని చాలా రోజుల తర్వాత చెప్పారు. రోడ్డు తెరిచాక పాస్టరు గారు వచ్చి బాబు దగ్గర చాలాసేపు నిలబడ్డారు. వెళ్ళేముందు ఆమెతో, నేను రాలేనప్పుడు ఇకమీదట మీరే నడిపించండమ్మా అన్నారు. అప్పటినుంచి ఆ ఊళ్ళో నా అనేవాళ్ళు లేనివాళ్ళు పోతే ఆంటీకే కబురొచ్చేది. ఆమె వెళ్ళేవారు.

నేను మాత్రం మొండికేశాను. ఆదివారం వెళ్ళేదాన్ని, ఇంట్లో గోడలు చూస్తూ కూర్చోలేక. మన కూటాల్లో గుండ్రంగా కూర్చుని ఒకరి తర్వాత ఒకరు ప్రార్థన చేస్తాం కదా. నా వంతు వచ్చింది. నా నోరు పెగల్లేదు. పక్కనున్న పిల్ల మోచేత్తో పొడిచింది. "దాని వంతు నేను చేస్తాలే" అన్నారు ఆంటీ కళ్ళు తెరవకుండానే. చేశారు. "ప్రభువా, ఈ పిల్లకి నీ మీద కోపంగా ఉంది. నీ మొహం చూడబుద్ధి కావట్లేదు. నీకు తెలియాలని చెబుతున్నా." నాకు ఏడుపొచ్చింది. ఎవరో ఒకరు ఉన్నదున్నట్టు చెప్పారనిపించింది. ఆ తర్వాత ప్రతి ఆదివారం ఆమె రెండు ప్రార్థనలు చేసేవారు, ఒకటి తనది, ఒకటి నాది. నేను చెయ్యాలని ఒక్కసారీ అనలేదు.

పీఆర్ రాగానే అందరిలాగే మేమూ మెల్‌బోర్న్ వచ్చేశాం. వచ్చేముందు బాబుని వదిలి ఎలా వెళ్ళాలని కూలబడ్డాను. "వెళ్ళండి. అక్కడ మీకు బతుకుంది. వాడి సంగతి నేను చూసుకుంటా" అన్నారు. మాట అనడమే కాదు, కూటం అయ్యాక ప్రతి ఆదివారం శ్మశానానికి వెళ్ళి అక్కణ్ణించే ఫోన్ చేసేవారు. "గాలికి వాడి మీద ఇసక చేరింది, దులిపా. పక్కన పిచ్చిగడ్డి పీకేశా. నువ్వు తిన్నావా?" అని.

పోయినేడు మా ఇంటికి వచ్చి వారం ఉన్నారు. వెర్రిబీలో నది ఒడ్డున బెంచీ మీద కూర్చున్నాం, మోకాళ్ళ నొప్పి ఆమెకి. ఆంటీ కూతురు కూడా ఉంది. ఉన్నట్టుండి, "ఇన్నేళ్ళూ నీ వంతు నేను చేశాను. నేను పోయిన రోజు నా వంతు నువ్వు చెయ్యి" అన్నారు. నేను లేచి కారు దగ్గరికి వెళ్ళిపోయాను. ఆమె మళ్ళీ ఆ మాట ఎత్తలేదు.

అంత్యక్రియలకి కార్లో వెళ్ళాం. దారంతా మా ఆయన, చెయ్యలేకపోతే పాస్టరు గారే చేస్తారులే అంటూనే ఉన్నాడు. ఊరు ఊరంతా వచ్చింది. ఫారాల నుంచి టోపీలు చేత్తో పట్టుకుని మగవాళ్ళు, ఆమె టీ తాగిన ఇళ్ళ ఆడవాళ్ళు. మా బాబు ఉన్న వరసలోనే ఆమెకి గొయ్యి తీశారు. జుట్టంతా నెరిసిపోయిన పాస్టరు గారు వాక్యం ముగించి నావైపు చూశారు. "నువ్వు రామ్మా" అన్నారు.

చున్నీ కప్పుకుని నిలబడ్డాను. "ప్రభువా" అన్నాను. అక్కడ ఆగిపోయింది. ఎవరూ అందుకోలేదు. అందుకునే మనిషి పెట్టెలో ఉంది.

"ప్రభువా, నాకు కోపం ఇంకా పోలేదు" అన్నాను. "నా బిడ్డ మీద ఇసక దులిపే మనిషిని కూడా తీసుకున్నావు. ఇక వాణ్ణి ఎవరు చూస్తారు? నువ్వే చూడు. ఈమె మోకాళ్ళు బాగా నొప్పి. ఒకచోట కూర్చోదు, ఎవరింట్లోనో ఎవరో ఏడుస్తున్నారని లేస్తుంది. కాసేపు కూర్చోబెట్టు. భోజనం చేసిందో లేదో అడుగు, ఎప్పుడూ అందరికీ పెట్టి ఆఖర్న తింటుంది."

ఎవరూ ఆమేన్ అనలేదు. ఇంకా ఉందనుకున్నారు. ఉంది. గాలికి చున్నీ జారిపోతుంటే ఆంటీ కూతురు వెనకనుంచి వచ్చి, రెండు చేతులతో దాన్ని నా తలమీద పట్టుకుని నిలబడింది. నేను చెబుతూనే ఉన్నాను.