దేవరాజులు గారి బొప్పాయి రంగు హెల్మెట్

దేవరాజులుకు బండి లేదు గానీ హెల్మెట్ ఉంది. నిద్రలోనూ స్నానంలోనూ తప్ప, పండిన బొప్పాయి రంగులో ఉండే ఆ హెల్మెట్ ఆయన నెత్తి దిగదు.

మద్రాసు కోడంబాక్కంలో సినిమాలకు డబ్బింగులు చెప్పుకునే మనిషి. ఈమధ్య ఒక అరవ ప్రేమ సినిమాలో హీరో తండ్రికి తెలుగు గొంతు ఇచ్చాడు. నెత్తిన కొబ్బరికాయ పడి, హీరో తానెవరో, ఎవరిని ప్రేమించాడో మరిచిపోతాడు. రెండో కాయ పడితే గానీ ఆ పిల్ల గుర్తుకు రాదు. అందరూ నవ్విన ఆ చోట దేవరాజులుకు చెమటలు పట్టాయి. మర్నాడే హెల్మెట్ కొన్నాడు.

"అన్నా, బావిలోంచి మాట్లాడినట్టుండాది. అది తీయన్నా," అని సౌండ్ ఇంజనీరు గిరి బతిమాలాడు.

"తల పోతే పోనీ గిరీ. తలలో మా పరిమళ ఉండాది గదా."

గుళ్లో అయ్యవారు శఠగోపం దానిమీదే పెట్టారు. క్షవరానికి వెళ్లి చెవుల పక్కన మాత్రం కత్తిరించమన్నాడు.

భార్య పరిమళకు మాత్రం నవ్వు రాలేదు, గుండెదడ వచ్చింది. అంతకుముందే ఒకరోజు ఆమె కూరగాయల సంచితో రైల్వే స్టేషన్ బయట, ఇల్లు ఏ వైపో తెలియక నిలబడిపోయింది. రోజూ నడిచే దారే. కాసేపటికి గుర్తొచ్చింది గానీ, భయం ఇంటిదాకా వెంటవచ్చి మకాం పెట్టింది. సినిమా కొబ్బరికాయకే ఇంత జడిసే మనిషి, ఈ సంగతి తెలిస్తే ఏమైపోతాడు? అందుకే ఆమె నోరు మెదపలేదు.

ఆ కొబ్బరికాయ సినిమా తెలుగు ప్రివ్యూకి ఇద్దరూ వెళ్లారు. ఇంటర్వెల్లో పరిమళ బాత్రూముకెళ్లి వచ్చేసరికి బయటంతా జనం. తెలిసిన ముఖం ఒక్కటీ లేదు. ఇక్కడికెందుకు వచ్చింది, ఎవరితో వచ్చింది? ఎవరినైనా అడుగుదామన్నా, ఎవరి పేరు చెప్పి అడగాలి?

అప్పుడు తలలన్నిటి పైన బొప్పాయి రంగు కనిపించింది. అది తన ఇంటిదని తెలిసింది. దాని కింద ముఖం, ఆ ముఖానికో పేరు మెల్లగా గుర్తొచ్చాయి. ఆమెకు కనబడాలనే ఆయన కుర్చీ ఎక్కి నిలబడి ఉన్నాడు.

"నా మరుపు సంగతి మీకు ఎప్పుడు తెలిసింది?" అంది దగ్గరికి వెళ్లి.

"స్టేషన్ కాడ నువ్వు నిలబడిన పొద్దు నేను ఎదురుగా టీ తాగతా ఉండా. నన్ను చూసి కూడా ఎవురో అనుకుంటివి."

"మరి కొబ్బరికాయ?"

"దానికి నేనెందుకు భయపడేది? నువ్వు తప్పిపోతావనే నా భయమంతా. నా మొహం మరిచినా దీన్ని మరవలేవు గదా. జనం నన్ను చూసి నవ్వతా ఉంటే, నీ తడబాటు ఎవురి కంటా పడదు. రేపు డాక్టరు కాడికి పోదాం, సెరేనా?"

పరిమళకు భయం పోలేదు. ఒంటరిగా భయపడే పని మాత్రం తప్పింది. చెయ్యెత్తి హెల్మెట్ మీద వేలితో టకటకా కొట్టింది.

"లోపల ఎవురుండారు?"

దేవరాజులు ముఖం పాలిపోయింది. "నేనే పరిమళా, నీ మొగుణ్ణి."

"తెలుసులే. కుర్చీ దిగండి," అంది నవ్వుతూ. "రెండో కాయ పడేది చూడాల."