రెండు కొండల మీద ఒకే తలుపు

అతనికి తల్లిదండ్రులు పెట్టిన పేరు ఉంది కానీ, వీధిలో దాన్ని వాడేవాళ్లు లేరు. కూరగాయల కొట్టతను దగ్గర్నుంచి ఉత్తరాలు పంచేవాడి దాకా అందరికీ అతను లొకేషన్ మాస్టారే. ఇరవై రెండేళ్లుగా సొంత కారులో జనాన్ని కొండల మీదికి తీసుకెళ్లి, ఏ సినిమాలో ఏ ముక్క ఎక్కడ తీశారో చూపించి, పొద్దు వాలేలోగా దించేయడం అతని పని. రోజుకి ఒక్కటే బేరం, ఒక్కటే కుటుంబం. "బస్సులో యాభై మందిని కుక్కి మైకులో అరిచేవాళ్లు వేరు, నేను వేరు" అంటాడు. అనేటప్పుడు ఛాతీ కాస్త విరుచుకుంటాడు కూడా. విరుచుకోనివ్వండి పాపం, కాసేపట్లో అది ఎలాగూ దిగుతుంది.

అతని పనితనమంతా డ్రైవరు సీటు వెనకున్న సంచిలో ఉంటుంది. అందులో నలభై మూడు సినిమా ఫోటోలు, అన్నీ లామినేషన్ చేయించినవి. వాటితో పాటు ఒక తుండుగుడ్డ, టీ ఫ్లాస్కు, మలుపులు పడనివాళ్ల కోసం వాంతుల కవర్లు. చోటు రాగానే కారు ఆపి, వచ్చినవాళ్ల చేతికి ఫోటో ఇచ్చి, చెయ్యి చాచి పట్టుకోమంటాడు. ఫోటోలోని కొండ అంచూ ఎదురుగా ఉన్న కొండ అంచూ ఒకటయ్యేదాకా వాళ్లను ముందుకీ వెనక్కీ జరిపిస్తాడు. రెండూ కలిసిన క్షణాన ఎంత పెద్దమనిషైనా "అరె" అంటాడు. ఆ "అరె" వినడం కోసమే మా ఆయన బతుకుతున్నాడని వాళ్లావిడ అందరి దగ్గరా చెబుతుంది. అబద్ధమేం కాదు.

ఒక్క చోట మాత్రం అతను కొండ అంచు కలపడు. అది రాతి గుడిసె. ముప్పై నాలుగేళ్ల కిందట ఆడిన ఒక ప్రేమకథలో, వానలో తడిసిన నాయిక నీలం తలుపు తోసుకుని లోపలికి వెళ్లే గుడిసె. సగం మంది ఆ గుడిసె కోసమే కారెక్కుతారు. అక్కడ అతను తలుపు మాత్రమే కనిపించే దగ్గరి ఫోటో ఇస్తాడు. "వెనక కొండ ఏదండీ?" అని ఎవరైనా అడిగితే, "ఈ పూట మబ్బు పట్టింది" అంటాడు. ఎండ ఫెళ్లున కాస్తున్నా అంటాడు.

ఎందుకంటే అది ఆ గుడిసె కాదు.

అసలుది కనుమ అవతల, పన్నెండు కిలోమీటర్ల దూరంలో ఉంది. మొదటి పదకొండేళ్లూ అతను నిజాయితీగా అక్కడికే తీసుకెళ్లాడు. లోపల గడ్డి నింపి తాళం వేసుంటుంది కాబట్టి బయటి నుంచే చూపించేవాడు. తర్వాత ఒక వానాకాలం కొండచరియ విరిగి రోడ్డు మీద పడింది. అంత దూరం నుంచి వచ్చినవాళ్లను ఉత్తచేతులతో ఎలా పంపుతాం అనుకుని, కనుమకి ఇవతల పాడుబడి ఉన్న ఇంకో రాతి గుడిసె చూపించాడు. ఒక్క నెల కోసమే అనుకున్నాడు. రెండేళ్లకి రోడ్డు బాగుపడింది కానీ, అప్పటికి మూడొందల మంది ఆ తలుపు ముందు ఫోటోలు దిగి వెళ్లిపోయారు. పైగా ఇది దగ్గర, తాళం లేదు, లోపలికి వెళ్లి కూర్చోవచ్చు. లోపలంతా అచ్చం సినిమాలోలాగే ఉండటం అతనికీ వింతగానే తోచేది. "అప్పట్లో అన్నిటినీ ఒకే మేస్త్రీ కట్టుంటాడులే" అని మనసుకి సర్దిచెప్పుకున్నాడు. మనసు కూడా గడుసుదే, సర్దుకుంది.

తన అబద్ధం తనతోనే పోతుందనుకున్నాడు. అది కూతురి నోటికి ఎక్కుతుందని ఊహించలేదు. ఆ పిల్ల కాలేజీ చదువు అయ్యాక, వేరే ఉద్యోగమేదీ వద్దు, గైడునే అవుతానంది. వచ్చే సోమవారం పరీక్ష. ముగ్గురు పెద్దవాళ్లు ఎదురుగా కూర్చుని నోటితో అడిగే పరీక్ష. ఆర్నెల్లుగా ఆమె తండ్రి పక్క సీట్లో కూర్చుని, ఆయన చెప్పే ప్రతి ముక్కా గళ్ల పుస్తకంలో రాసుకుంటోంది. గుడిసె దగ్గర కూడా రాసుకుంది. నీలి సిరాతో రాసి, కింద రెండు గీతలు గీసింది. ఆ రోజు చెబుదామని నోటి దాకా తెచ్చుకున్నాడు. రాలేదు.

ఇక ఆ గురువారం సంగతి. కూతుర్ని పక్కన కూర్చోబెట్టుకుని లాడ్జి ముందు కారు ఆపేసరికి అరవైకి దగ్గరపడిన ఒకావిడ ఒంటరిగా మెట్ల మీద నిలబడి ఉంది. భుజాన గుడ్డ సంచి, కాళ్లకి కాన్వాసు బూట్లు. నమస్కారం పెట్టి వెనక సీట్లో కూర్చుంది. గంటసేపట్లో ఇరుకు వంతెన చేరారు. ఆ నీలం తలుపు సినిమాలోనే నాయకుడు సైకిలు తోసుకుంటూ నడిచేది ఆ వంతెన మీదే. అలవాటుగా ఫోటో చేతికిచ్చి, "కొంచెం వెనక్కి జరగండి మేడమ్" అనబోయాడు. ఆవిడ అప్పటికే ఎడమకి రెండడుగులు వేసి ఆగింది. కొండ అంచు కొండ అంచుతో అతుక్కుపోయింది.

ఇరవై రెండేళ్లలో అలా ఎవరూ చేయలేదు. "ఇదివరకు వచ్చారా మేడమ్?" అన్నాడు.

"వచ్చానండీ. ఈ సినిమాకి పనిచేశాను. కంటిన్యుటీ."

"అంటే ఏంటి మేడమ్?" అంది కూతురు, పుస్తకం తెరుస్తూ.

"ముందు షాట్‌లో కప్పు కుడి చేతిలో ఉంటే, తర్వాతి షాట్‌లో ఎడమ చేతిలోకి రాకుండా చూడటం. బొత్తాలెన్ని పెట్టుకున్నారు, జడ ముందుకుందా వెనక్కుందా, అన్నీ రాసుకోవాలి. రెండు రోజులు ఆగి తీసినా అదే రోజులా ఉండాలి కదా."

లొకేషన్ మాస్టారి గుండెల్లో రాయి పడింది. జడ ఎటుందో రాసుకున్న మనిషి గుడిసె ఎక్కడుందో మరిచిపోతుందా? గబగబా ఫోటో సంచిలో పెట్టేసి కారెక్కాడు.

దారి పైకి ఎక్కేకొద్దీ చెట్లు పలచబడి, గడ్డి కొండలు మొదలయ్యాయి. ఎటు చూసినా పచ్చటి వాలు, మధ్యమధ్య నల్ల రాళ్లు, దూరంగా గొర్రెల మందలు. చెరువు దగ్గర ఆగి టీ తాగారు. నీళ్ల మీద గాలి గీతలు గీస్తోంది. మామూలు రోజున ఆ చెరువు గురించి అతను పావుగంట ఆపకుండా చెబుతాడు. ఆ రోజు "చెరువండీ" అని ఊరుకున్నాడు. దొంగకి తేలు కుట్టినట్టుంది అతని పని.

తండ్రి నోరు మూతపడేసరికి కూతురు అందుకుంది. పరీక్షకి సాధన చేయడానికి ఇంతకంటే మంచి శ్రోత ఎక్కడ దొరుకుతుంది? "తర్వాత మనం వెళ్లేది గుడిసెకి మేడమ్. సినిమాలో తలుపు నీలం రంగు..."

ఆవిడ టీ గ్లాసు ఒళ్లో పెట్టుకుంది. "ఆ తలుపు గురించి ఎవరైనా అడుగుతారా అమ్మా?"

"అడుగుతారు మేడమ్. సినిమాలో బయట గడియ కుడివైపుంది, ఇక్కడ ఎడమవైపుందేంటని. కెమెరాలో బొమ్మ తిరగేస్తారని చెప్తాం. నాన్న నేర్పారు."

 కారు కదిలాక ఆవిడ కిటికీ వైపు తిరిగి కూర్చుంది. అద్దంలోంచి ఆ మొహం చూసి, అయిపోయింది, కనిపెట్టేసింది అనుకున్నాడు అతను. గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నట్టు, ఆవిడ దగ్గినా తననే అన్నట్టుంది. పోయేది పరువొక్కటే అయితే సర్దుకునేవాడే. సోమవారం నాడు ఆ ముగ్గురి ముందు కూతురు ఈ కల్లబొల్లి కబుర్లే గడగడా అప్పజెబుతుంది. తెలిసినవాడు ఒక్కడున్నా పిల్ల బతుకు మొదట్లోనే నవ్వులపాలవుతుంది.

కనుమ కింద దారి రెండుగా చీలుతుంది. ఎడమకి వెళితే ఇవతలి గుడిసె, కుడికి వెళితే అసలుది. అతను ఏమీ ఎరగనట్టు కుడివైపు ఇండికేటర్ వేశాడు. చడీ చప్పుడూ లేకుండా ఈ ఒక్కరోజుకి అసలు చోటికి పోనిస్తే గండం గడుస్తుందని అతని లెక్క.

"నాన్నా, ఇటు కాదు. ఎడమవైపు కదా" అంది కూతురు.

ఇండికేటర్ టిక్కు టిక్కుమంటోంది. "ఇటేనమ్మా" అన్నాడు.

"ఇటెలాగండీ? మొన్న ఆదివారం కూడా అటే వెళ్లాం. పుస్తకంలో రాసుకున్నా, చూడండి." పేజీ తీసి చూపించింది. నీలి సిరా, రెండు గీతలు.

అతను కారు పక్కకి తీసి, బండి ఆపేశాడు. రెండు చేతులూ స్టీరింగ్ మీదే ఉన్నాయి. వెనక్కి తిరగకుండా, ముందున్న రోడ్డుకి చెబుతున్నట్టు చెప్పాడు. కొండచరియ సంగతి, ఒక్క నెల అనుకున్న సంగతి, మబ్బు సంగతి, కెమెరాలో బొమ్మ తిరగేస్తారన్న సంగతి. "పదకొండేళ్లు మేడమ్. అందరికీ తప్పుడు గుడిసే చూపించా. మా అమ్మాయికీ అదే నేర్పా. దానికేం తెలీదు. అది నమ్మి రాసుకుంది."

కూతురు పుస్తకం మూసింది. "నాకెందుకు చెప్పలేదు నాన్నా?" అంది. గొంతులో కోపం కంటే దిగులు ఎక్కువుంది. "సోమవారం నేను అక్కడ ఇదే చెప్పేదాన్ని కదా."

"చెబుదామనే అనుకున్నానమ్మా. నువ్వు కింద గీతలు గీస్తుంటే నోరు రాలేదు."

వెనక సీట్లోంచి ఒక చప్పుడు వచ్చింది. ఏడుపేమోనని అతను ఉలిక్కిపడి తిరిగాడు. ఆవిడ నవ్వుతోంది. కొంగుతో కళ్లొత్తుకుంటూ మరీ నవ్వుతోంది.

"ఎడమకే పోనివ్వండి డ్రైవరుగారూ. అదీ మా గుడిసే."

ఆ మాట అతని చెవిలో పడింది గానీ బుర్రకెక్కడానికి కాసేపు పట్టింది. ఆవిడే విడమరిచి చెప్పింది. కనుమ అవతలి గుడిసె దగ్గర బయటి షాట్లు మాత్రమే తీశారట. మూడో రోజు వాన పట్టుకుని కొండచరియ విరిగి దారి మూసుకుపోయింది. యూనిట్ మొత్తం ఇవతల చిక్కుకుపోయింది. ఇంకో గుడిసె దొరికితే దాని తలుపుకి నీలం రంగు కొట్టి, లోపలి సీన్లన్నీ అక్కడే లాగించేశారు.

"అంటే మీరూ..." అన్నాడు అతను.

"మేమూ మీలాగే. దారి మూసుకుపోతే ఎవరైనా ఏం చేస్తారు, దగ్గర్లో ఉన్నది చూపిస్తారు."

అతని ఒంట్లోంచి ఏదో బరువు దిగిపోయింది. ఎంత దిగిందంటే, బండి గేరులో వేయకుండానే యాక్సిలరేటర్ తొక్కాడు. ఇంజను ఊరికే గర్జించింది. కూతురు అంత దిగుల్లోనూ ఫక్కున నవ్వింది.

ఇవతలి గుడిసెలోకి ఆవిడ తల వంచి వెళ్లింది. పొయ్యి గూడు, పక్కన రాతి అరుగు, దీపం పెట్టుకునే గూడు, అన్నిటినీ పేరుపేరునా తడిమి చూసింది. తలుపు దగ్గర వంగి, గడియ కింది సందుని గోటితో గీకింది. గోటికి నీలం రంగు పెచ్చు అంటుకుంది. ఏ గొర్రెల కాపరో వేసిన రంగనుకున్నాడు అతను ఇన్నాళ్లూ.

"మీరు ఒప్పుకున్నారు కాబట్టి నేనూ చెప్తా" అంది ఆవిడ. "బయట గడియ కుడివైపుంటే, లోపల్నుంచి చూసినప్పుడు ఎడమవైపుండాలి కదా? సినిమాలో లోపల కూడా కుడివైపే ఉంటుంది. ఆ తప్పు నాది. నాకప్పుడు ఇరవై మూడేళ్లు. తలుపు రంగు రాశాను, పగుళ్లు రాశాను, గడియ ఎటువైపో రాయలేదు. మా డైరెక్టరుగారు తిట్టలేదు. నా పుస్తకం చూసి, మూసి, చేతికిచ్చేశారు. తిట్టినా బాగుండేది. తర్వాత ముప్పై సినిమాలు చేశా, ఒక్క తప్పు పోలేదు. ఇంట్లోవాళ్లు మాత్రం ఇప్పటికీ ఆ సీను దగ్గర టీవీ ఆపి నన్ను ఆటపట్టిస్తారు. ఇక్కడ కూడా వచ్చినవాళ్లకి ఆ తప్పు చూపించి నవ్విస్తుంటారేమోనని భయపడుతూనే వచ్చాను."

"మేం నవ్వించలేదు మేడమ్" అంది కూతురు.

"అవును తల్లీ. కెమెరా తిప్పేసిందన్నారు. మీ నాన్న పదకొండేళ్లుగా నా తప్పుని కాసుకొస్తున్నారు."

అతను తుండుగుడ్డతో అరుగు మీద దుమ్ము తుడిచాడు. అక్కడ దుమ్మేమీ లేదు.

ఆ తర్వాత కనుమ దాటి పన్నెండు కిలోమీటర్లు వెళ్లారు. తొమ్మిదేళ్ల కిందట బాగుపడ్డాక ఆ రోడ్డు మీద అతను బండి నడపడం అదే మొదటిసారి. ఇదివరకు లేని రక్షణ గోడ చూసి, "ఎప్పుడు కట్టారిది?" అనుకున్నాడు. అవతల గాలి ఎక్కువ. పొడవాటి గడ్డి మొత్తం ఒకే పక్కకి వంగి ఉంది. అసలు గుడిసె అతను వదిలేసినప్పుడు ఎలా ఉందో అలాగే ఉంది, అదే తాళంతో.

సంచిలో అడుగున పడిపోయిన పాత ఫోటో ఒకటి వెతికి తీసి ఆవిడ చేతికిచ్చాడు. కొండ కూడా కనిపించే ఫోటో అది. మబ్బు లేదు. అంచు అంచుతో కలిసింది. ఈసారి "అరె" అన్నది అతని కూతురు.

ఆ పిల్ల గుడిసె ముందు నిలబడి, గొంతు సవరించుకుని, పరీక్షలోలా మొదలుపెట్టింది. "ఈ తలుపుకి బయటి వైపు ఈ కొండ మీద ఉంది, లోపలి వైపు ఇంకో కొండ మీద ఉంది. నాయిక గడప దాటడానికి పన్నెండు కిలోమీటర్లు పట్టింది. దాటేటప్పుడు గడియ పక్క మారింది..." అక్కడ ఆగి ఆవిడ వైపు చూసింది. "ఇది చెప్పొచ్చా మేడమ్?"

"చెప్పు. తప్పు కూడా చెప్పు. వినడానికి అదే బాగుంది."

ఆవిడ గుడ్డ సంచిలోంచి అట్ట ఊడిపోతున్న పుస్తకం తీసింది. పేజీలు పసుపుపచ్చగా అయిపోయాయి. ఒక చోట వేలు పెట్టి ఆపింది. నీలం తలుపు. పగుళ్లు రెండు. గడియ, అని రాసి పక్కన ఖాళీ. కూతురి చేతిలోంచి పెన్ను అడిగి తీసుకుంది.

"డ్రైవరుగారూ, నా కళ్లజోడు కారులో ఉండిపోయింది. గడియ ఎటువైపుందో కాస్త చూసి చెబుతారా?"

అది కుడివైపని అతన్ని నిద్దట్లో లేపి అడిగినా చెప్పగలడు. అయినా తలుపు దాకా నడిచి వెళ్లాడు. దగ్గరికెళ్లి చూశాడు, గడియ మీద చెయ్యి వేసి మళ్లీ చూశాడు. అప్పుడు వెనక్కి తిరిగి చెప్పాడు.

"కుడివైపేనమ్మా. రాసుకోండి."